గుంబద్ పక్క పెళ్ళికూతుళ్ళు

దేశ రాజధానిలో, సాకేత్ దగ్గర ఒక పార్కులో పాత గుంబద్ ఉండేది. ఎవరి సమాధో ఎవరికీ తెలియదు. దాని చెడ్డపేరు మాత్రం కూరగాయల బండివాడి దగ్గర్నుంచీ అందరికీ తెలుసు.

ఎప్పుడో ఒక పెళ్ళివారు అక్కణ్ణుంచి ఒక ఫకీరుని తరిమేశారట. ఆయన వెళ్తూ వెళ్తూ శపించాడట — దీపాలవేళ దాటాక ఈ దారిన నడిచినవాడి కళ్ళు వాడి మాట వినకూడదు, ఉన్నది లేనట్టూ, లేనిది ఉన్నట్టూ కనబడాలి — అని.

అప్పట్నుంచీ అంతే! రంగనాథ్ గారని పెద్ద గుమాస్తా, ఒక రాత్రి అటుగా వస్తూ ఎదురొచ్చిన గేదెకి "గుడీవినింగ్ సార్" అని నమస్కారం పెట్టారట. గేదె తలూపిందట. ఆయన ధైర్యం చేసి రెండ్రోజులు సెలవు కూడా అడిగారట.

ఇది ఆయనే స్వయంగా మా శేషగిరి బాబాయికి చెప్పారు. విరుగుడు కూడా చెప్పారు. "కళ్ళు గట్టిగా మూసుకుని ఆంజనేయస్వామిని తలుచుకో. తెల్లారేదాకా తెరవకు!"

బాబాయి రెండు వేల నాలుగులో అమలాపురం నుంచి రంగనాథ్ గారి ఆఫీసులోకే కొత్తగా వచ్చాడు. వచ్చిన నెలలోనే, గుళ్ళో పులిహోర వరసలో ధర్మయ్యగారి అమ్మాయి ప్రవల్లికని చూశాడు. చూసి రెండోసారి పులిహోరకి నిలబడ్డాడు. మూడోసారీ నిలబడ్డాడు. ఆ అమ్మాయి తప్ప ఇంకెవరూ వద్దని మా నాయనమ్మకి ఫోన్లో చెప్పేశాడు.

స్వామి దయవల్ల కబురు వెళ్ళింది, పెళ్ళిచూపులకి రమ్మన్నారు. చవితి నాడు పెళ్ళిచూపులేమిటని నాయనమ్మ గొణిగింది. కానీ మర్నాడే హైదరాబాదు సంబంధం వాళ్ళు దిగుతున్నారు. ఇవాళ కాకపోతే ఇంక లేనట్టే.

తీరా ఆ సాయంత్రమే బస్సు దారిలో చెడిపోయింది. చీకటిపడింది. రోడ్డు మీంచి వెళ్తే చుట్టు. పార్కులోంచి అయితే అడ్డదారి...

బాబాయి పార్కులోకి అడుగుపెట్టాడు.

కుక్క కూడా మొరగడం లేదు. గుంబద్ వైపు చూడకుండా, తల వంచుకుని నడిచాడు. దాటేశాడు. అమ్మయ్య అనుకుని తలెత్తాడు —

ఎదురుగా గోడకవతల, రెండంతస్తుల క్వార్టర్లు. చీకటి డాబాలు. ఆ డాబాల మీద... పెళ్ళికూతుళ్ళు.

ఒకరు కాదు, ఇద్దరు కాదు. డాబాకొక పెళ్ళికూతురు! ఎర్రచీర, మోచేతిదాకా గాజులు, నిండా బంగారం. ఒక చేతిలో దీపం. ఇంకో చేతిలో... జల్లెడ.

ఎవరూ మాట్లాడడం లేదు. ఎవరూ కదలడం లేదు.

అంతలో అందరూ ఒక్కసారిగా జల్లెడలెత్తారు. ఎత్తి, వాటి కన్నాల్లోంచి — బాబాయినే చూశారు.

ఆ తర్వాత బాబాయికి చెప్పుల సంగతి తెలియదు. ధర్మయ్యగారి తలుపు కొట్టేసరికి కాళ్ళకి మాత్రం లేవు.

తలుపు తెరుచుకుంది.

ఎదురుగా — ఇంకో పెళ్ళికూతురు! చేతిలో జల్లెడ!

"అచ్ఛా, లడ్కా ఆ గయా!" అబ్బాయి వచ్చేశాడంటూ నవ్వింది.

"తల్లీ, నన్నొదిలేయ్... పెళ్ళి కుదరాల్సినవాణ్ణి..." అని గొణిగి, బాబాయి కళ్ళు గట్టిగా మూసేసుకున్నాడు. తడుముకుంటూ లోపలికెళ్ళి సోఫాలో కూర్చున్నాడు.

అది సోఫా కాదు, ధర్మయ్యగారి ఒడి.

ఆయన లేపి పక్కన కూర్చోబెట్టారు. "ఏం బాబూ, కళ్ళకలకా?"

"కాదండీ."

"మరి తెరవవేం?"

"తెరిస్తే... ఉన్నది ఉన్నట్టు కనబడదండీ."

గాజుల చప్పుడు. కాఫీ వాసన. ప్రవల్లిక వచ్చి నిలబడిందని తెలుస్తూనే ఉంది. బాబాయి రెప్పలు ఇంకా బిగించాడు.

"పెళ్ళిచూపులకొచ్చి పిల్లని చూడనంటాడేమిటి!" ధర్మయ్యగారు లేచారు. "రేపు వచ్చేవాళ్ళే నయం."

బాబాయికి ఏడుపొక్కటే తక్కువ. "చూడాలనే పరిగెత్తుకొచ్చానండీ! ఇప్పుడు చూస్తే మీ అమ్మాయి... గేదెలా కనబడితే?"



"గేదా!" అన్నారు ధర్మయ్యగారు.

"ఉండండి నాన్నా," అంది ప్రవల్లిక. తర్వాత చిన్నగా, "దారిలో ఏం చూశారండీ?"

బాబాయి చెప్పాడు. ఎర్రచీరలూ, దీపాలూ, జల్లెడలూ, అన్నీ. చెప్పేకొద్దీ ఎవరో నోటికి చెంగు అడ్డం పెట్టుకుంటున్న చప్పుడు. ఆఖరికి గది గదంతా పకపకా నవ్వింది.

"కర్వా చౌత్ అండీ!" అంది ప్రవల్లిక. "మన అట్లతద్ది నిన్న అయింది, ఇక్కడివాళ్ళ నోము ఇవాళ. మొగుడు చల్లగా ఉండాలని ఉపవాసం ఉండి, పెళ్ళికూతుళ్ళలా ముస్తాబై, జల్లెడలోంచి చంద్రుణ్ణి చూస్తారు. చంద్రుడు మీ వెనక గుంబద్ మీద ఉన్నాడు. వాళ్ళు చూసింది మిమ్మల్ని కాదు."

తలుపు తీసింది పక్కింటి నేహా ఆంటీయట. నోము మిఠాయి ఇవ్వడానికి వచ్చింది.

బాబాయి ఒక కన్ను తెరిచాడు. అమ్మాయి అమ్మాయిలాగే ఉంది. రెండోదీ తెరిచాడు. ఇంకా బావుంది.

ధర్మయ్యగారు నవ్వు ఆపుకోలేక లోపలికి కేకేశారు. "ఏమే, హైదరాబాదు వాళ్ళని రావద్దని చెప్పేయ్! అంతమంది పెళ్ళికూతుళ్ళు ఎదురుపడితే, కళ్ళు మూసుకుని మనింటికే వచ్చాడు. అల్లుడికి ఇంతకంటే ఏం కావాలి?"

నేహా ఆంటీ అందరి చేతుల్లో మిఠాయి పెట్టింది. పెడుతూ ఊరికే అడిగింది, ఏ డాబాల మీద చూశావు భయ్యా అని.

"అవే... గుంబద్ పక్క, రెండంతస్తుల క్వార్టర్లు."

ఆంటీ చెయ్యి ఆగిపోయింది.

"ఉధర్ తో... కోయీ నహీ రహతా."

"అవును, అక్కడెవరూ ఉండరు," అన్నారు ధర్మయ్యగారు నెమ్మదిగా. "కూలగొడతామని వేసవిలోనే అందర్నీ ఖాళీ చేయించారు. మెట్లు కూడా... పడగొట్టేశారు."

బాబాయి కళ్ళు మూసుకున్నాడు. పక్కనే ధర్మయ్యగారూ మూసుకున్నారు. నేహా ఆంటీ జల్లెడ మొహానికి అడ్డం పెట్టుకుంది.

ఆ గదిలో కళ్ళు తెరిచి, పెళ్ళికొడుకుని తనివితీరా చూసింది మా ప్రవల్లిక పిన్ని ఒక్కతే.