షూటింగ్ పోచమ్మ

బుధవారం... ఉదయం ఏడు గంటల ముప్పయి నిమిషాలు... యమగండం అప్పుడే కళ్ళు తెరిచింది!

నిజామాబాద్ బస్టాండు వెనక సందులో వేపచెట్టు మీద పట్టపగలు ఒక గుడ్లగూబ కూసింది. కాకులు దాన్ని తరమలేదు. ఆ కూత వినగానే అవే ఎగిరిపోయాయి. చెట్టు కింద ఒక తెల్ల కారు ఆగి ఉంది. దాని వెనక అద్దం మీద ఆ రోజుకు అతికించిన ఎర్రటి అక్షరాలు: "సినీదర్శన్! ఒక్క రోజు, మూడు లొకేషన్లు, మీరే హీరోయిన్!"

కారు పక్కన నిలబడ్డ ప్రాణి పేరు మల్లికార్జున్. వయసు యాభై ఎనిమిది, జుట్టుకు వేసిన రంగు వయసు ఇరవై ఎనిమిది. ముప్పయి ఏళ్ళు సినిమాల్లో ఉన్నానని చెప్పుకుంటాడు. నిజమే, ముప్పయి ఏళ్ళు గుంపులో నిలబడ్డాడు! పెళ్ళి సీన్లో విస్తరి ముందు కనబడిన చెయ్యి అతనిది. చావు సీన్లో పాడె మోసిన నాలుగో భుజం అతనిది. ముఖం మాత్రం ఏ సినిమాలోనూ లేదు. ఒకే ఒక్కసారి మాంత్రికుడి వేషం దొరికింది. ఆ సినిమా కూడా సగంలోనే చచ్చింది.

వేషం ఊడింది గానీ పిచ్చి ఊడలేదు. ఆ తరువాత శ్మశానాలు పట్టుకు తిరిగాడు, బూడిద నాకాడు, చివరికి ఒక క్షుద్రదేవతను వశం చేసుకున్నాడు. దాని పేరు ఛాయాభక్షిణి... మనిషి నీడను తినే మహాభూతం! ముగ్గురు కన్యల నీడలు, వాళ్ళంతట వాళ్ళు నోటితో ఇచ్చినవి, దానికి సమర్పిస్తే ప్రతిఫలంగా లోకాన్ని మోహపరిచే ముఖతేజస్సును ప్రసాదిస్తుంది. ఇంతటి ఘోరసాధన దేనికయ్యా అంటే... హీరో కావడానికి! ఆడలేక మద్దెల ఓడన్నట్టు, నటన రాక ముఖం లోపమనుకున్నాడు ఆ మూర్ఖుడు.

ఇద్దరి నీడలు అప్పటికే తినిపించాడు. మొదటి పిల్ల మంచం పట్టి నలభయ్యో రోజున పోయింది. రెండో పిల్ల గోడవైపు తిరిగి పడుకుంది, అన్నం ముట్టడం లేదు. ఇక కావలసింది మూడోది. మొదటి రెండూ ఏ రోజైనా చెల్లాయి, మూడోదానికి మాత్రం ముహూర్తం ఉంది. ఏడాదికి రెండే రెండు రోజులు ఈ ప్రాంతంలో సూర్యుడు సరిగ్గా నడినెత్తిన నిలుస్తాడు. ఆ ఒక్క నిమిషం ఏ మనిషికీ నీడ ఉండదు. నీడ ఒంటిని విడిచిన ఆ క్షణంలోనే దాన్ని కాజేయాలి. ఆ రోజు ఇదే... ఆ నిమిషం పన్నెండు దాటి పద్నాలుగు!

మూడో పిల్ల ఆటో దిగింది.

పేరు వర్ష. ఇరవై రెండేళ్ళు. మొబైల్ షాపులో పని, సెలవు రోజున రీల్స్. వెనకాలే తల్లి విమలమ్మ దిగింది. రుద్రూర్‌లో నాట్లకూ కలుపుకూ పోయే మనిషి. భర్త పోయాక ఈ ఒక్క పిల్లను రెక్కల కష్టంతో పెంచింది. ముక్కూ మొహం తెలియనివాడి వెంట పిల్లను ఒంటరిగా పంపేంత నాగరికత ఆమెకు ఇంకా అబ్బలేదు.

"ఇద్దరా? బుకింగ్ ఒక్కరికే కద మేడం?" అన్నాడు మల్లికార్జున్, పళ్ళికిలిస్తూ.

"నేనేం సీన్లు జెయ్య. కార్ల కూసుంట," అంది విమలమ్మ.

స్టీరింగ్ దగ్గర కూర్చున్నవాడు నదీం. బోధన్ కుర్రాడు, కారు అతనిదే. ఆ రోజుకు కిరాయికి వచ్చాడు, అంతే. వెనక సీటు కింద పెట్టిన మేకప్ పెట్టెలో నవ్వుతున్న కపాలం చూసి, సినిమా సామాను కాబోలనుకున్నాడు. అది మొదటి పిల్ల తాతది... సమాధి తవ్వి తెచ్చింది!

* * *

మొదటి లొకేషన్, బోధన్ దాటాక ఒక పాడుబడ్డ దొరల గడీ. వేయి గబ్బిలాలు తలకిందులుగా వేలాడే ఆ చీకటి కొట్టంలో పట్టపగలే కాళరాత్రి కాపురముంటుంది!

"గీ కూలిపోయిన ఇంట్ల ఏముంది సూడనీకి?" విమలమ్మ ముక్కు మూసుకుంది.

"ఇక్కడ పెద్ద పాట తీసిన్రు మేడం. నేను గూడ ఉన్న అండ్ల."

"యాడున్నవు?"

"తలుపు వెనక."

విమలమ్మ అతన్ని ఒకసారి కిందినుంచి పైదాకా చూసింది. ఆ చూపుకు వాడి చెవులు ఎర్రబడ్డాయి. కెమెరాల ముందు ముప్పయి ఏళ్ళలో పడని సిగ్గు ఒక్క నాట్ల కూలి ముందు పడింది.

వర్షకు ఒక కాగితం ఇచ్చాడు. ఎడమ కాలు ముందు పెట్టి గడప దాటాలి, ఒక మాట చెప్పాలి. ఆ పిల్ల చెంగున దాటి, ఫోన్ వైపు చూసి నవ్వుతూ, "నా అడుగు నీదే!" అంది. గబ్బిలాలన్నీ ఒక్కసారి లేచాయి... వాటి రెక్కల కింద ఎవరో గుటక వేసిన చప్పుడు!

రెండో లొకేషన్ రుద్రూర్ దాటాక చెరకు తోట. మోకాలెత్తు పిలకలు ఎండకు సొమ్మసిల్లి ఉన్నాయి. అక్కడ వర్ష ఒక వెంట్రుక పీకి చెరకు ఆకుకు ముడివేసింది. "నా జడ నీదే!" అంది. గాలి లేదు. అయినా ఆ ఒక్క ఆకు మాత్రం గిలగిలా కొట్టుకుంది!

కారెక్కాక విమలమ్మ పిల్ల మెడ మీద చెయ్యి వేసి ఉలిక్కిపడింది. కృత్తిక కార్తె ఎండ. కారులో నలుగురిలో ముగ్గురు చెమటతో తడిసి ముద్దయ్యారు. వర్ష ఒళ్ళు మాత్రం పొడిగా, బావి గచ్చులా చల్లగా ఉంది.

"సెమట వడ్తలేదేందే నీకు?"

"ఏమో అమ్మా... ఎండ తెలుస్తలేదు," అంది వర్ష. ఆ గొంతు ఎక్కడో దూరాన్నుంచి వచ్చినట్టుంది.

"ఇంటికి మలుపు బిడ్డా," అంది విమలమ్మ నదీంతో.

నదీం వేగం తగ్గించాడు. మల్లికార్జున్ చప్పున వెనక్కి తిరిగి, "ఇంకొక్కటే సీన్ మేడం, గుట్ట మీద. ఫొటోలకు అదే అసలు ప్లేసు," అన్నాడు. వర్ష తల్లి చెయ్యి విదిలించి, "పోదాం," అంది. అడుగూ జడా వాడివైపోయాయి. ఇక ఆ పిల్ల మాట ఆ పిల్లది కాదు.

* * *

తెల్లబండ గుట్ట మీదికి కారు చేరేసరికి పన్నెండు కావస్తోంది. బుధవారపు రాహుకాలం మొదలు! పైన విశాలమైన బండనేల, ఎండి పచ్చబారిన గడ్డి. దిగువన సన్నగా మంజీర, దాని ఒడ్డున చెరకు మళ్ళు. చూడవలసిన చోటే. కానీ చూసే స్థితిలో అక్కడ ఎవరూ లేరు. మబ్బు తునక లేని ఆకాశంలో ఎక్కడో ఉరుము దొర్లింది...

బండ నడుమ ఒక సినిమా సెట్టు శిథిలంగా పడి ఉంది. చెక్క స్తంభాలు కూలి, ఇనుప చట్రాలు తుప్పు పట్టాయి. నిలిచింది ఒక్కటే... ఎనిమిదడుగుల అమ్మవారి బొమ్మ. దాని పాదాల మీద పసుపు మందంగా పేరుకుంది. చేతికి ముంజేతి నుంచి మోచేతిదాకా ఆకుపచ్చ గాజులు.

"గీ అమ్మ ఎవరు?" అంది విమలమ్మ.

"షూటింగ్ పోచమ్మ అవ్వా," అన్నాడు నదీం. "సినిమా ఆగిపోయినంక బొమ్మను ఈడ్నే ఇడిసిపెట్టి పోయిండ్రు. చెరుకు కొట్టనీకి మహారాష్ట్ర నుంచి వస్తరు కద, అండ్ల ఒకామె వానల ఈడ ఆగి, గీ అమ్మ కాళ్ళకాడ్నే కానుపు అయింది. తల్లీపిల్లా మంచిగున్నరు. గప్పటిసంది ఆడోళ్ళందరు పెరుగన్నం పెడ్తరు, గాజులు తొడుగుతరు. నాకు జరమొచ్చినప్పుడు మా అమ్మి మాసూమా గూడ ఈడ కొబ్బరికాయ కొట్టిచ్చింది."

మల్లికార్జున్ పగలబడి నవ్వాడు. "పోచమ్మా! అరే, దీన్ని నా భుజాల మీద మోసి ఈడ నిలవెట్టిన. లోపల గడ్డి, పైన ప్లాస్టర్. ముక్కు రెండుసార్లు ఇరిగితే గమ్ము వెట్టి అతికిచ్చినం. మీ జనాలకు బుద్ధి ఉన్నదా?"

అని, చొక్కా విప్పి, ఆ గాజుల చేతికి తగిలించాడు.

చూశారా తెలివి! బూడిదలో కూడా దేవతను వెతికిన మహాసాధకుడు, వందమంది తల్లులు కన్నీళ్ళతో కడిగిన పాదాలు ఎదురుగా ఉంటే కొక్కెమనుకున్నాడు. బొమ్మ ఎలా తయారైందో తెలుసు వాడికి. తరువాత ఎన్ని చేతులు దానికి మొక్కాయో తెలియదు. కళ్ళు నెత్తికెక్కినవాడికి కాళ్ళ దగ్గర పసుపు కనబడుతుందా?

పన్నెండు దాటి పది నిమిషాలు. ఎర్రటి ముగ్గు పడింది. నడుమ కపాలం నిలిచింది. "హ్రీం ఛాయే... గ్రస గ్రస... భక్షయ భక్షయ!" అని వాడు గొంతు చించుకున్నాడు. వర్ష పిలవకుండానే నడిచి వచ్చి ముగ్గులో నిలబడింది. ఆమె పాదాల చుట్టూ ఉన్న కాస్త నీడ కుంచించుకుపోతోంది... అరచేయంత... వేలంత... వెంట్రుకంత...

"వర్షా! ఆ మాట అనకు!" విమలమ్మ పరిగెత్తింది.

పద్నాలుగు!

"నా నీడ... నీదే," అంది వర్ష.

గుట్ట మీద నీడ అన్నది లేకుండా పోయింది. మనుషులకు లేదు, కారుకు లేదు, ఎనిమిదడుగుల బొమ్మకూ లేదు. వర్ష మెడ పుటుక్కున వెనక్కి వాలింది. కనుగుడ్లు తెల్లబడ్డాయి. ఆ లేత గొంతులోంచి వృద్ధరాక్షసి నవ్వు... "ఆకలి... ఆకలి... ఆకలి!"

నదీం ముగ్గులోకి దూకాడు. కంటికి కనబడని దెబ్బకు పది గజాల దూరం పడి, భుజం పట్టుకుని మూలిగాడు. విమలమ్మ ముగ్గు అంచున మోకాళ్ళ మీద కూలబడింది.

"నీ కాల్మొక్త అన్నా! నా నీడ తీస్కో! పిల్లను ఇడువు!"

"నీ నీడ ఎవరికి గావాలె ముసల్దానా!" మల్లికార్జున్ పెడబొబ్బ పెట్టాడు. "నలభై రోజులు! నీ బిడ్డకు ఇంక నలభై రోజులే! పో, పాడె కట్టుకో!"

విమలమ్మ లేచింది. ఏడుపు ఆగింది. కోపం వచ్చింది. అయితే ఆ కోపం వాడి మీద కాదు, వాడు అంత విలువ చేయడు. తిన్నగా బొమ్మ దగ్గరికి నడిచి, చొక్కాను గుంజి నేలకేసి కొట్టి, చీర కొంగుతో ఆ చెయ్యి తుడిచింది. తుడుస్తూ తిట్టింది. మా వైపు ఆడవాళ్ళు దేవతను అడిగే తీరే అది.

"ఏమే పోచమ్మా! సిగ్గున్నదా నీకు? ఆడోళ్ళు వెట్టిన కూడు తింటివి. వాళ్ళు తొడిగిన గాజులు తొడుక్కుంటివి. ఇయ్యాల నీ కండ్ల ముందట నా పిల్లను మింగుతుంటే గుడ్లప్పగిచ్చి సూస్తున్నవా? గీ దొంగనా కొడుకు నీ మీద అంగీ ఆరేస్తే ఊకున్నవా? లే! నువ్వు తల్లివైతే లే! నా పిల్లను నాకియ్యి, బతికినన్ని దినాలు నీకు బోనమెత్తుత. ఇయ్యకుంటే... థూ! నిజంగనే గడ్డి బొమ్మవు నువ్వు!"

మబ్బు లేని ఆకాశం పెళపెళ విరిగింది!

ఆ గాజులన్నీ ఒక్కసారి ఘల్లుమన్నాయి... పాదాల దగ్గర పసుపు తడిసింది... ఏ నీడా లేని ఆ ఘోరక్షణంలో బొమ్మ కాళ్ళకింది నుంచి ఒక నీడ బయలుదేరింది! నల్లగా, చల్లగా, వేపాకు వాసనతో, బండ మీద పాకి, ముగ్గును చెరిపి, గుట్ట అంచులదాకా పరుచుకుంది. సూర్యుడు నడినెత్తినే ఉన్నాడు. ఆ నీడకు సూర్యుడితో పని లేదు.

వర్ష నోట్లోంచి ఆర్తనాదం ఎగిసింది. అది వర్షది కాదు. "ఓరి నీచుడా! బొమ్మ అంటివి గదరా! మహాకాళి ముందర నన్ను విస్తరి వేసి కూర్చోబెట్టితివా!"

నల్లటి పొగ ఒకటి ఆ పిల్ల నోటిని విడిచి బయటపడి, దారి లేక గిరగిరా తిరిగింది. ఎటు చూసినా అమ్మ నీడే. వచ్చిన ఆకలి మాత్రం తీరలేదు. తిరిగి తిరిగి దాని చూపు మల్లికార్జున్ మీద పడింది.

"తల్లీ! నీకు ఇద్దర్ని ఇచ్చిన!" వాడు వెనక్కి పాకాడు. "నేను నీ భక్తుణ్ణి!"

"మూడోది బాకీ!" అంది పొగ.

పన్నెండు దాటి పదిహేను. వర్షకు, విమలమ్మకు, నదీంకు, కారుకు, చివరికి గడ్డిపోచలకు కూడా నీడలు సన్నగా తిరిగి వచ్చాయి. మల్లికార్జున్ పాదాల దగ్గర మాత్రం బండ తెల్లగా మెరిసింది. వాడు కిందికి చూసుకున్నాడు. అరిచాడు... అరికాళ్ళ నుంచి పైకి ఒళ్ళు ఎండుకుపోతుంటే అరిచాడు... నడుము, ఛాతీ, మెడ... ముప్పయి ఏళ్ళలో ఎన్నడూ చేతకాని నటన ఆ ఒక్క అరుపులో పలికింది. తీయడానికి ఎవరూ లేరు. చివరికి బండ మీద మిగిలింది గానుగలోంచి వచ్చిన చెరకు పిప్పి లాంటి ఒక ముద్ద. గాలి వచ్చి దాన్ని గుట్ట కిందికి ఊడ్చేసింది. పొగ ఆ నీడలో పడి ఇంకిపోయింది. ఆ వేళకే ఎక్కడో ఒక ఇంట్లో, గోడవైపు తిరిగి పడుకున్న పిల్ల ఇటు తిరిగి, అన్నం అడిగింది.

వర్ష కళ్ళు తెరిచింది. నుదుటి మీద చెమట బొట్లు. విమలమ్మ ఆ చెమట తుడవలేదు, వేలితో తాకి చూసుకుంది.

"ఏమైంది అమ్మా? సీన్ మంచిగొచ్చిందా?"

"వచ్చింది బిడ్డా."

నదీం ఒంటి చేత్తో నడుపుకుంటూ కారును ముందే గుట్ట కిందికి దించాడు. ఆడవాళ్ళిద్దరూ ఎండ తగ్గేదాకా అమ్మ కాళ్ళ దగ్గరే కూర్చుని, మూడు దాటాక గుట్ట దిగారు. అప్పటికి వర్ష నీడ పక్కకు మూడు మూరలు సాగింది. కాలిబాట ఇరుకు, ఒక పక్క ముళ్ళు. అయినా విమలమ్మ ఆ ముళ్ళలోనే నడిచింది. కూతురి నీడ మీద కాలు పడకుండా, చీర కుచ్చిళ్ళు ఎత్తి పట్టుకుని, కారు దాకా అలాగే నడిచింది.