కాగితం అంచున కుట్టు

సోమవారం పైకోర్టుకి వెళ్లొద్దని భర్త మూడోసారి అన్నాడు. వెళ్తున్నానని భార్య కూడా మూడోసారే చెప్పింది. ఆయన గుడ్డ కత్తిరిస్తూనే ఉన్నాడు, ఆమె కాజాలు కుడుతూనే ఉంది. కూతురు తలెత్తకుండా బొత్తాలు ఏరుతోంది.

"గెలిచినవాడు ఇంట్లో ఏడిస్తే, ఓడినవాడు కోర్టులోనే ఏడ్చాడట. నువ్వెక్కడ ఏడుస్తావు?" అన్నాడు.

"ఎక్కడైనా సరే, ఇల్లు చేతిలో ఉంటే చాలు."

అప్పుడే గుమ్మంలోకి ఇద్దరు వచ్చారు. ముందున్నావిడ కోర్టు రికార్డు గదిలో పాతికేళ్లు పనిచేసి, ఇప్పుడు సొంతంగా ఆరాలు తీస్తోంది. ఊరంతా ఆవిడని భూతద్దం అంటారు. వెనక ఉన్నది ఆ కోర్టులోనే టైపిస్టుగా చేసినాయన. ఆవిడ తుమ్మినా అందులో ఏదో ఆధారం ఉందనుకునే మనిషి.

ఆవిడకి కబురు చేసింది భార్యే. ఇల్లు ఆమె తల్లిది, ముందుగదిలో కుట్టుపని కూడా తల్లి పెట్టిందే. తల్లి పోయిన ఏడాదికి, ఇల్లంతా తనకే రాసిందంటూ తమ్ముడు వీలునామా తెచ్చాడు. కింది కోర్టులో సాక్ష్యాలు ముగిశాక, ఆ సంతకం పరీక్షించడానికి సాక్ష్యం తిరిగి తెరవమని ఆమె అడిగింది. ఇన్నాళ్లూ ఏం చేశారంటూ జడ్జి కొట్టేశారు. దానిమీదే ఇప్పుడు పైకోర్టులో పిటిషన్ వేసింది, సోమవారం విచారణ. ఇంతకుముందు తెలిసే వీల్లేని కొత్త ఆధారం చూపలేకపోతే ఇల్లూ పోతుంది, పనీ పోతుంది.

భూతద్దం కేసు కాగితాలు అడిగింది. ఎంత కోపంలో ఉన్నా భర్త వాటిని సర్ది, అంచున మిషన్ మీద బర్రుమని కుట్టి ఇచ్చాడు. మా ఇంట్లో గుండుసూది ఉండదు, కరెంటు బిల్లయినా కుట్టాల్సిందే అని కూతురు నవ్వింది. మిషన్ కొత్తదా అని ఆవిడ అడిగింది. అమ్మ పోయిన ఆరు నెలలకి కొన్నామనీ, బిల్లు సొరుగులో ఉందనీ భార్య చెప్పింది. అమ్మ పాత మిషన్ తిన్నగా తప్ప కుట్టదట.

మర్నాడు భూతద్దం, వకీలు చేత అనుమతి తీయించి, అసలు వీలునామాను రికార్డు గదిలో చూసి ఫొటో తీసుకుంది. ఆదివారం మధ్యాహ్నం అందరినీ ముందుగదిలో కూర్చోబెట్టింది. తమ్ముడు కూడా వచ్చాడు.

"వీలునామా మీ చేతికొచ్చినప్పుడు కుట్టి ఉందా?" అని అతన్ని అడిగింది.

"ఉంది. అమ్మ ఎలా ఇచ్చిందో అలాగే కోర్టులో పెట్టాను. బోనులో కూడా అదే చెప్పాను."

ఆవిడ ఫొటోనీ, మొన్న భర్త కుట్టిచ్చిన కట్టనీ పక్కపక్కన పెట్టింది. రెండింటి అంచునా జిగ్‌జాగ్ కుట్టే. దారం ఊడకుండా మొదట్లో మూడు, చివర్లో మూడు కుట్లు వెనక్కి వెళ్లాయి.

"మీ అమ్మగారు పోయేనాటికి ఇంట్లో ఈ కుట్టు కుట్టే మిషనే లేదు. మీ అక్కగారు వెనక్కి కుట్టరు, ముడి వేస్తారు. మీకు సూదిలో దారం ఎక్కించడం కూడా రాదని అందరికీ తెలుసు. ఇది ముందే ఎందుకు తేలలేదని జడ్జిగారు అడిగితే జవాబుంది. మనకిచ్చిన జెరాక్సులో ఈ అంచు పడలేదు."

టైపిస్టు ముందుకు వంగి ఫొటో చూశాడు. తమ్ముడు బావ వైపు చూశాడు.

"మరి సంతకం?" అంది కూతురు, తండ్రిని చూడకుండా.

భర్త మిషన్ చక్రం మీద చెయ్యి వేశాడు. కరెంటు మీటరు మార్పించాలని అత్తగారు ఖాళీ కాగితాల మీద పెట్టిన సంతకాలు కొన్ని తన దగ్గర మిగిలిపోతే, వాటి మీదే వీలునామా రాయించామన్నాడు.

"ఇరవయ్యేళ్లు నన్ను అత్తారింటి టైలరనే పిలిచారు. ఇల్లు వాడికొస్తే బజార్లో నా పేరుతో కొట్టు పెట్టిస్తానన్నాడు. కుట్టేటప్పుడు చెయ్యి అలవాటు కొద్దీ పోయింది."

భార్య చివరి కాజా పూర్తి చేసి, ముడి వేసి, దారం తెంపింది. ఆమె గొంతు పెరగలేదు.

"అందరూ వినండి. రేపు నేను వెళ్తున్నాను. పైకోర్టు సాక్ష్యం తెరవమంటే, పిలవాల్సిన సాక్షిగా ఈయన పేరే రాయిస్తాను. ఇప్పుడు చెప్పిందే అక్కడా చెబితే చాలు." భర్త వైపు తిరిగింది. "అప్పటిదాకా మీరు ఆ మిషన్ ముట్టుకోవద్దు."

ఆయన చక్రం మీది నుంచి చెయ్యి తీసేశాడు.