ముందు తట్టిన పెన్సిల్

మధ్యాహ్నం పన్నెండుంబావుకి లిఫ్ట్ తలుపు తెరుచుకుంది. లోపల గూఢచారి డిపార్ట్‌మెంట్ కొరియర్ గోడకు చేరగిలబడి ఉన్నాడు. ప్రాణం లేదు. కోటు గుండీకి గుచ్చిన చీటీ మీద ఒకే మాట: 'రాట్'.

డిక్షనరీలో రాట్ అంటే ఎలుక. వీధిలో రాట్ అంటే మన పక్కనే తిరుగుతూ అవతలివాడికి ఉప్పందించేవాడు. కొరియర్‌ని పట్టించింది అలాంటివాడే. ఈ తేడా ఏజెంట్లందరికీ నేర్పింది మాస్టారే. టైలర్ షాపు పైగదిలో స్పోకెన్ ఇంగ్లిష్ క్లాసు ఆయన ముసుగు. అసలు పని, విదేశీ ముఠా వాడే వీధి మాటల్ని మనవాళ్లకు ఒంటబట్టించడం. గాట్ అంటే పిస్తోలు. బ్యాట్ అంటే గయ్యాళి ముసలమ్మ. మ్యాట్ మీద నిలబెట్టడమంటే చీవాట్లు పెట్టడం. అన్నీ ఒకే తోక తగిలించుకున్న బుల్లి మాటలు. ఆ ముఠా వీటితోనే మనుషుల్ని చంపిస్తుంది.

క్లాసుకో పద్ధతి ఉంది. మాస్టారు పెన్సిల్‌తో బల్ల మీద టక్కుమని కొట్టి మాట చెబుతారు. బెంచీ మీదవాళ్లు ఆ మాట పలికి, పలికాక వేలితో తట్టాలి. ఆర్నెల్లు అలా చేస్తే ఇక జన్మలో ఆ అలవాటు వదలదు.

మూడు గంటలకు చీఫ్ గదిలో, మాస్టారి ముందు, వైర్‌లెస్‌లో చిక్కిన ముఠా సందేశం టేప్ తిరిగింది. గొంతు మార్చే యంత్రంలోంచి వచ్చిన మాటలు తుప్పు రేకు గీకినట్టున్నాయి.

"టక్. బ్యాట్. టక్. మ్యాట్. టక్. హ్యాట్. టక్. గాట్. ఫోర్."

"అర్థమైందా?" అన్నాడు చీఫ్.

"నాలుగింటికి సమావేశ మందిరంలో అణుశాస్త్రవేత్త మాట్లాడుతోంది. బ్యాట్ అంటే ఆ ముసలావిడే. మ్యాట్ అంటే ఎర్ర తివాచీ. అక్కడ ఆవిణ్ణి కాలుస్తారు," అన్నారు మాస్టారు.

"ఆ తట్టడం మీ క్లాసు పద్ధతి. మీ శిష్యుల్లో వైర్‌లెస్ తెలిసినవాడు ఒక్కడే, మీ బామ్మర్ది. రాట్ అతనేనని ముఠాలో మన మనిషి, నెమలి కూడా రిపోర్ట్ పంపింది."

పక్కగదిలోంచి ఒక కేక వినిపించింది. చీఫ్ వాచీ చూసుకున్నాడు. "ఆరో వేలు. గట్టి పిండమే, ఇంకా ఒప్పుకోలేదు."

బామ్మర్ది మాస్టారి చేతుల మీద పెరిగినవాడు. రేడియో విప్పి మళ్లీ బిగించడంలో వాడి వేళ్లకు సాటి లేదు. గంట క్రితమే భార్య ఫోన్ చేసి ఒక్క ముక్క అంది: "మా తమ్ముడు లేకుండా గుమ్మం తొక్కకండి."

"ఎలుకల బాధ పడలేక ఇల్లు తగలబెట్టుకుంటున్నారు మీరు," అన్నారాయన.

"నాలుగు దాకా టైముంది. తర్వాత అతన్ని ఖర్చు రాసేస్తాను. శాస్త్రవేత్తకేం ఢోకా లేదు. పక్కన నెమలినే పెట్టాను."

నెమలి డిపార్ట్‌మెంట్‌కు దొరికిన అందమైన కన్ను. ముఠాలో కూర్చుని, వాళ్ల షాంపేన్ తాగి, వాళ్ల గుట్టు మనకు చెబుతుంది. ముఠా ఆమెను తనదే అనుకుంటోందని చీఫ్ మురిసిపోతుంటాడు. మాస్టారికీ ఆమె అంటే అభిమానమే. ఆయన టైఫాయిడ్‌తో మంచం పట్టిన నెల క్లాసు మొత్తం ఆమే నడిపింది.

మాస్టారు టేప్ మళ్లీ వేశారు. టక్. బ్యాట్. టక్. మ్యాట్.

ఆయన చెయ్యి గాల్లోనే ఆగిపోయింది.

"ముందు తట్టి తర్వాత చెబుతోంది! బెంచీ మీద కూర్చున్నవాడు చెప్పాక తడతాడు. ముందు తట్టేది పాఠం చెప్పినవాళ్లే. పెన్సిల్ పట్టింది ఇద్దరం. నేనూ, నెమలీ!"

చీఫ్ మొహం పాలిపోయింది. మందిరానికి ఫోన్ తిప్పాడు. లైను చచ్చింది.

మూడూ యాభై ఆరుకి మైకు మెకానిక్ నీలం డ్రెస్సులో మాస్టారు వేదిక ఎక్కారు. చేతిలో పెన్సిల్. చూపుకే పెన్సిల్, లోపల ఒక్కటే తూటా.

ముసలావిడ చేతికర్ర ఊతంగా తివాచీ మీదికి వచ్చింది. పక్కనే నెమలి, వెడల్పు అంచు హ్యాట్‌తో. గడియారం పెద్ద ముల్లు పన్నెండు మీదికి జరిగింది. నెమలి చెయ్యి హ్యాట్ లోపలికి వెళ్లింది.

మాస్టారు మైకు మీద తట్టారు. టక్!

హాలంతా అదిరింది. ఎవరూ పట్టించుకోలేదు, ఒక్క నెమలి తప్ప. ఆర్నెల్లు ఆమె కూడా ఆ బెంచీ మీద కూర్చున్నదే. తల దానంతటదే ఇటు తిరిగింది. ఆ రెప్పపాటు చాలు. పెన్సిల్ పేలింది. బుల్లి పిస్తోలుతో సహా హ్యాట్ దొర్లిపోయింది.

మాస్టారు ఆమె పక్కన మోకాళ్ల మీద కూర్చున్నారు.

"ఎక్కడ... దొరికిపోయాను?"

"ముందు తట్టావమ్మా."

నెమలి నవ్వింది. "అంతా మీ చలవే, మాస్టారూ." అవే ఆఖరి మాటలు. మాస్టారు ఆమె కళ్లు మూయలేదు, ఆ పని చీఫ్‌కే వదిలేశారు.

వెనక్కి వచ్చేసరికి నాలుగున్నర. బామ్మర్ది కుర్చీలో బతికే ఉన్నాడు. రెండు చేతులకూ భుజాల దాకా కట్లు. టేబుల్ మీద చీఫ్ ఏదో రాసుకుంటున్నాడు.

"చిన్న పొరపాటు జరిగింది," అన్నాడు తలెత్తకుండానే. "మనవాడికి రెండు వారాలు సెలవిచ్చాను, జీతంతో."

మాస్టారు బామ్మర్ది పక్కన కూర్చున్నారు. కళ్ల నీళ్లు కట్ల మీద పడ్డాయి. ఆఖరికి వాడే ఆయన్ని ఓదార్చాడు.

"ఏడవకు బావా. రేపట్నుంచి క్లాసులో నాకూ ఆ పెన్సిల్ ఇవ్వు. నోట్లో పెట్టుకుని తడతాను. చెప్పాకే తడతాలే."