జేన్‌కి సెలవు

ఆ మధ్యాహ్నం లేడీ విన్‌ఫ్రెత్ గారి పచ్చికలో క్రోకే ఆట జోరుగా సాగుతోంది. చెక్కసుత్తితో బంతిని కొట్టడం, అది రెండడుగులు దొర్లితే చప్పట్లు చరుచుకోవడం... గొప్పింటివాళ్లు ఒళ్లు వంచడమంటే అదీ. ఆవిడ రోజుకి నాలుగుసార్లు బట్టలు మారుస్తుంది గానీ, పనిపిల్లల పేర్లు గుర్తుపెట్టుకునే ఓపిక లేదు, పాపం. అందుకే ఆ ఇంట్లో పడగ్గదులు సర్దే పిల్ల ఎవరైనా సరే, పేరు జేన్. ఇంటివాళ్లు ఎదురైతే జేన్ గోడకి తిరిగి నిలబడాలి. మొహం కనబడకూడదు.

హెస్టర్ కొత్త జేన్. పాత జేన్ మార్చిలో జ్వరంతో, నుదుటిమీద వెనిగర్ తడిగుడ్డతో, అటకగదిలో పోయింది. పిల్ల మారిందని లేడీగారికి ఇప్పటికీ తెలీదు.

పొద్దున హెస్టర్ గోడకేసి చూస్తూనే అడిగింది. "ఈ పూట సెలవు కావాలమ్మగారూ. మా అక్క రేపు కెనడా ఓడెక్కుతోంది. మళ్లీ కనబడదు."

"మార్చంతా మంచమెక్కి పడుకున్నావుగా జేన్! నీ సెలవులు అప్పుడే అయిపోయాయి."

మధ్యాహ్నం కింద ఆట సాగుతుండగా నీళ్లకూజా ఎత్తుకుని మేడమీది నడవలోకి వచ్చింది హెస్టర్. తెరలు దించేసి ఉన్నాయి. మైనం పాలిష్ వాసన. దాని అడుగున వెనిగర్, చెమట పట్టిన పరుపు వాసన. కింద బంతి టక్... టక్...

నడవ చివర ఒక పనిపిల్ల గోడకి తిరిగి నిలబడి ఉంది.

"వెళ్లిపోయారా?" అంది గుసగుసగా.

"ఎవరే? అందరూ కింద ఆడి చస్తున్నారు. ఇక్కడెవరూ లేరు, ఇటు తిరుగు."

తిరిగింది.

మొహం లేదు. అటు కూడా టోపీ... జుట్టుముడి... మెడ. అటు కూడా వీపే.

కూజా పగిలింది. హెస్టర్ మెట్లమీద పరుగు. వెనకాల తడిపాదాల చప్పుడు... తొందర లేకుండా...

"జేన్! అతిథుల ముందు ఏమిటీ గంతులు?" పచ్చికలో లేడీగారు సుత్తి ఎత్తింది.

"నా పేరు హెస్టర్. జేన్ నా వెనకాల వస్తోంది."

లేడీగారి చూపు హెస్టర్ భుజం మీదుగా వెళ్లి ఆగింది. పనిపిల్లని ఆవిడ తేరిపార చూడడం అదే మొదలు. సుత్తి జారింది. అతిథులంతా చూస్తుండగా ఆవిడ పొదలకంచె వైపు తిరిగి, తల వంచి, చేతులు కట్టుకుని నిలబడిపోయింది.

హెస్టర్ వెనక్కి చూడలేదు. గేటుకేసి నడిచింది. దాటిపోతుంటే లేడీగారి గొంతు... అచ్చం వంటింటి యాసలో...

"వెళ్లిపోయారా?"

గడ్డిమీద అలికిడి లేదు. వెనిగర్ వాసన మాత్రం దగ్గరగా ఉంది.

"ఇంకా లేదమ్మగారూ," అంది హెస్టర్.