రేణు ఫోన్‌లో ఇంకొకరి పేరు

శనివారం పొద్దున్నకి నోవై ఊళ్ళో మంచు పడటం ఆగింది. బయట డ్రైవ్‌వేలో దామోదర్ పారతో మంచు తోస్తున్న చప్పుడు వంటింట్లోకి వినిపిస్తోంది. రేణు పెసరట్టు తిరగేసి, మంట తగ్గించి, ఫోన్ చేతిలోకి తీసుకుంది. థైరాయిడ్ మాత్రలు అయిపోవచ్చాయి. మళ్ళీ కావాలంటే హాస్పిటల్ సైట్‌లోకి వెళ్ళి అడగాలి. ఆమెకు అదే పెద్ద గండం.

ఆ ఫోన్ ఒకప్పుడు ఇషితది. కూతురు కొత్తది కొనుక్కున్నప్పుడల్లా పాతది తల్లికి రావడం ఆ ఇంట్లో ఆనవాయితీ. పాస్‌వర్డ్ కొట్టిన ప్రతిసారీ 'సేవ్ చేయాలా' అని అది అడుగుతుంది, రేణు సరేనంటుంది. మర్నాడు చూస్తే ఏమీ ఎరగనట్టు ఖాళీ గడి చూపిస్తుంది. ఎవరో వెనక నుంచి దొంగిలిస్తున్నారని ఆమెకు గట్టి అనుమానం. టెక్సాస్‌లో ఎవరి బ్యాంకు ఖాతానో ఇలాగే ఊడ్చేశారని వాట్సాప్‌లో చదివింది కూడా.

ఈ రోజు మాత్రం గడి మీద వేలు పెట్టగానే కీబోర్డ్ పైన ఒక పేరు వచ్చింది. అది ఇషిత పేరు.

రేణు ఆ పేరు మళ్ళీ చదివింది. ఇషిత ఆఫీసు ఇన్సూరెన్స్ వేరు, డాక్టర్ వేరు, ఈ హాస్పిటల్‌తో దానికి సంబంధమే లేదు. పెళ్ళికావలసిన పిల్లకి తల్లికి తెలియకుండా హాస్పిటల్‌తో పనేమిటి? మొన్న మంగళవారం ఆఫీసుకి సెలవు పెట్టి, కారు టైర్లు మార్పించాలంటూ తండ్రిని వెంటబెట్టుకు వెళ్ళింది. వచ్చాక ఇద్దరూ తలెత్తకుండా అన్నం తిన్నారు. అంటే ఆయనకీ తెలుసన్నమాట. కడుపా, కేన్సరా? ముందు దేనికి భయపడాలో కూడా ఆమెకు తోచలేదు.

ఆ పేరు నొక్కింది. పాస్‌వర్డ్ చుక్కలు వాటంతటవే నిండాయి. తలుపు తెరుచుకుంటుందనుకుంటే, 'మీ ఫోన్‌కి కోడ్ పంపాం' అని వచ్చింది. ఆ కోడ్ మేడ మీద ఇషిత ఫోన్‌కి వెళ్ళింది.

నిమిషంలో ఇషిత పైజామాతోనే మెట్లు దిగి వచ్చింది.

"నాన్న ఎక్కడమ్మా? ఎవరో నా అకౌంట్‌లోకి లాగిన్ అవుతున్నారు."

"ఏ అకౌంటే?" స్టవ్ వైపు తిరిగి అడిగింది రేణు.

"ఏదోలే. ఆఫీస్‌ది."

ఎంత తేలిగ్గా అబద్ధమాడింది. అట్టు మాడుతున్నా రేణు కదల్లేదు. ఇంతలో దామోదర్ బూట్లు దులుపుకుంటూ లోపలికి వచ్చాడు. కూతురు ఆయన చెవిలో ఏదో చెప్పింది. ఆయన గబుక్కున భార్య వైపు చూసి, "ముందు పాస్‌వర్డ్ మార్చెయ్" అన్నాడు.

ఇషిత డైనింగ్ టేబుల్ దగ్గర కూర్చుని చకచకా మార్చేసింది. "అయిపోయింది. వాడెవడో ఇంక రాలేడు."

రేణు తన ఫోన్‌లో మళ్ళీ ఆ గడి మీద వేలు పెట్టింది. అదే పేరు వచ్చింది. నొక్కింది. టేబుల్ మీద ఇషిత ఫోన్ టింగుమంది. తండ్రీకూతుళ్ళు దాని వైపు చూసి, తర్వాత రేణు వైపు చూశారు.

"నేనే," అంది రేణు. "దొంగని నేనే."

"అమ్మా, నువ్వా? ఎలా?"

"అది తర్వాత. ఎన్నో నెల?"

"ఏంటి?"

"తిట్టనులే, చెప్పు. ఎవరబ్బాయి?"

ఇషిత నోరు తెరిచింది. "సీరియస్‌గా అడుగుతున్నావా? నాకు బాయ్‌ఫ్రెండే లేడు. ఎందుకు లేడని రోజూ గొడవ చేసేది నువ్వే కదా."

"అయితే జబ్బన్నమాట. ఏమండీ, మీరైనా చెప్పండి. టైర్లట, టైర్లు. వంగి చూశాను, పాతవే ఉన్నాయి."

దామోదర్ కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. చేతి తొడుగులు తీసి కుడిచెయ్యి టేబుల్ మీద పెట్టాడు. బొటనవేలు దానంతటది కదులుతోంది.

"దానికి కాదు రేణూ. నాకు."

రేణు ఆ వేలినే చూస్తూ ఉండిపోయింది.

"మౌస్ పట్టుకుంటే బాణం గుర్తు నిలవట్లేదు," అన్నాడాయన. "రిపోర్టులు నా ఈమెయిల్‌కి వస్తే నువ్వు చూస్తావని, ఇషిత తన పేరు మీద అకౌంట్ తెరిచి, నా అనుమతితో నావి చూస్తోంది. గురువారం న్యూరాలజిస్ట్ చెప్తాడు. పార్కిన్సన్స్ కావచ్చు, ఉత్త వణుకే కావచ్చు."

"నాకెందుకు చెప్పలేదు?"

ఇషితే అందుకుంది: "నాకు ఫీవర్ వచ్చినప్పుడు ఏం చేశావమ్మా? ఇండియాకి, టెంపుల్ ఆంటీలందరికీ ఫోన్ చేసి ఏడ్చావ్. వాళ్ళందరికీ ఐయామ్ ఫైన్ అని చెప్పింది నేనే, మంచంలోంచి. ముందు నీ భయం చూసుకోవాలంటే, నాన్న తన భయం ఎప్పుడు చూసుకుంటాడు?"

"ఇషితా," అని వారించాడు దామోదర్.

"అననివ్వండి," అంది రేణు. స్టవ్ కట్టేసి వచ్చి ఆయనకెదురుగా కూర్చుంది. కళ్ళలో నీళ్ళు తిరుగుతున్నా గొంతు మాత్రం నిలకడగానే ఉంది. "భయపడతాను, నిజమే. నాకున్న గుణం అది. తెలిసుంటే ఒక్కదానికి భయపడేదాన్ని. తెలియక వందకి భయపడ్డాను. కన్నకూతుర్ని అనరాని మాట అన్నాను. నన్ను బయట నిలబెట్టి తలుపేసుకుంటే నాకు భయం తగ్గుతుందనుకున్నారా?"

"తప్పు నాదే," అన్నాడు దామోదర్.

ఇషిత మెల్లగా తల్లి ఫోన్ తీసుకుని సెట్టింగ్స్ తెరిచింది. "చూడమ్మా, ఇందులో ఇద్దరి గూగుల్ అకౌంట్లూ ఉన్నాయ్. ఇచ్చేటప్పుడు నాది తీయడం మర్చిపోయా. నువ్వు సేవ్ చేసేవి నీ దాంట్లోకి వెళ్తున్నాయ్, ఫోన్ నింపేది నా దాంట్లోంచి. అందుకే నేను మార్చిన పాస్‌వర్డూ నీకొచ్చేసింది. దొంగలెవరూ లేరు. నాది తీసేసి, నీది పెట్టేస్తా. ఇంక నువ్వు సేవ్ చేసినవే వస్తాయ్."

"తీసెయ్. ఆయన రిపోర్టులు మాత్రం నాకూ కనిపించాలి. నా పేరు మీద."

"అందులో పెద్ద పెద్ద మాటలుంటాయమ్మా. చూసి నువ్వు గూగుల్‌లో..."

"గూగుల్‌లో చూడను. అర్థంకాకపోతే నిన్నడుగుతా. గురువారం నేనూ వస్తా. ఏడుపొస్తే కార్లో కూర్చుంటా."

ఇషిత తండ్రి వైపు చూసింది. ఆయన తలూపాడు. ఆమె రేణు పేరు చేర్చి, అడిగిన వివరాలన్నీ నింపింది. ఇక దామోదర్ ఒప్పుకోవాలి. ఆయన ఫోన్‌కి ఒక సందేశం వచ్చింది. కింద చిన్న నీలం బొత్తాం ఉంది.

ఆయన బొటనవేలు దాని మీదకి వెళ్ళి పక్కకి జారింది. మళ్ళీ పెట్టాడు, మళ్ళీ జారింది. రేణు చెయ్యి దానంతటదే ముందుకి లేచింది. ఆయన పని తను అందుకుని చేసేయడం ఆమెకు పాతికేళ్ళుగా అలవాటు. ఆ చేతిని వెనక్కి తీసుకుని, ఒడిలో రెండో చేతి కింద పెట్టి గట్టిగా పట్టుకుంది.

దామోదర్ మోచెయ్యి టేబుల్‌కి ఆనించాడు. ఊపిరి పీల్చుకుని, తొందరపడకుండా నొక్కాడు.

రేణు ఫోన్ చిన్నగా మోగింది.

"వచ్చిందండీ," అంది రేణు. అప్పుడు ఏడ్చింది.