అంకుల్ పేరుతో ఎవడో

గోడలోంచి దూరిపోతున్నాడు!

తలుపు తీయడం లేదు. గోడ పగలగొట్టడం లేదు. రాతి దిమ్మెల్లోంచి నేరుగా!

కంప్యూటర్ ఆటలో అర్ధరాత్రి. కిటికీ బయట, ఐర్లాండ్‌లోని ఆడమ్స్‌టౌన్‌లో, మధ్యాహ్నం మూడు. లాక్‌డౌన్. రోడ్డు మీద పురుగు కూడా లేదు.

పదిహేనేళ్ల ఆశ్రిత ఆ బంగారు కోటు బొమ్మ వెంటపడుతోంది. దాని తల మీద పేరు... జానకిరామ్!

ఆ దేశంలోని తెలుగు పిల్లల కోసం ఈ ఆట సర్వర్ నడిపే అంకుల్ పేరది.

ఆయన చీటింగ్ చేయరు. అంటే... ఇంకెవడో! ఆటలో నిన్ననే ఒక లోపం బయటపడింది. దాంతో ఎవరైనా ఎవరి పేరుతోనైనా చొరబడొచ్చు.

హెడ్‌సెట్‌లో లీలారాణి గొంతు.

"అక్కా, అంకుల్ మెసేజ్ పెట్టారు. డాడీ ఆఫీస్ లాప్‌టాప్ తీసుకుని మా ఇంటి డోర్ దగ్గరికి రమ్మన్నారు."



లీలకు తొమ్మిదేళ్లు. రెండొందల కిలోమీటర్ల అవతల ఎన్నిస్‌లో, ఇంట్లో ఒక్కతే. మందుల కంపెనీలో పనిచేసే నాన్న కొవిడ్ వచ్చి ఆసుపత్రిలో... అమ్మ డ్యూటీలో!

"లీలా, తలుపు తీయకు!"

"ఇట్స్ గ్రాండ్, ఏం కాదక్కా. అంకుల్ కదా! అంకుల్స్‌కి నో చెప్తే మమ్మీ విల్ కిల్ మీ."

ఆశ్రిత రెండో చెవికి ఫోన్ ఆనిస్తుంది.

"అంకుల్! మీ పేరుతో ఎవడో ఆటలో దూరాడు! లీలని లాప్‌టాప్ తెమ్మంటున్నాడు!"

"అయ్యో! నేను మీ పక్కనే, లూకన్‌లో ఇంట్లోనే ఉన్నానమ్మా. ఇంటి నుంచి ఐదు కిలోమీటర్లు దాటితే పోలీసు గార్డులు ఆపేస్తున్నారుగా. ఉండు, ఆ లోపం పూడ్చే ప్యాచ్ వేసేస్తా."

"త్వరగా, అంకుల్!"

స్క్రీన్ నల్లబడుతుంది. పది సెకన్లు... ఇరవై...

"అయిపోయిందమ్మా. ఇక ఎవరి పేరుతో వాళ్లే రాగలరు. దొంగ వెధవ ఔట్!"

ఆశ్రిత ఊపిరి పీల్చుకుంటుంది.

సర్వర్ మళ్లీ లేస్తుంది. ఇందాక ఆడుతున్నవాళ్లని దానంతటదే లోపలికి తెస్తోంది. ఆశ్రిత... లీలారాణి...

బంగారు కోటు!

తల మీద అదే పేరు. ప్యాచ్ ఆపలేదు. అంటే... ఆ బొమ్మ అసలు అంకుల్‌దే!



"అంకుల్... మీరు నిజంగా ఎక్కడున్నారు?"

 ఫోన్‌లో అడుగుల చప్పుడు.

హెడ్‌సెట్‌లో లీల ఇంటి బెల్ మోగుతుంది.

ఫోన్‌లోనూ... అదే బెల్!