పదకొండు గంటల అబద్ధం

పదకొండు కావడానికి ఇంకా ఐదు నిమిషాలున్నాయి. తాతయ్య గడియారాల షాపులో మాత్రం అప్పుడే ఒకటి రెండు గడియారాలు గంటలు కొట్టేశాయి. గోడ మీద మొత్తం ఇరవైమూడు గడియారాలున్నాయి. రిపేరు పూర్తయినవి టైముకి కొడతాయి. కానివి వాటికి తోచినప్పుడు కొడతాయి.

టిక్కు కిటికీ పక్కన స్టూలు మీద కూర్చుని హోంవర్కు చేస్తోంది. చేస్తోంది అంటే పుస్తకం తెరిచి ఉంది, అంతే. ఆ పిల్లకి టిక్కు అని పేరు పెట్టింది తాతయ్యే. కీ ఇవ్వకపోతే గడియారమైనా ఆగుతుంది గానీ ఈ పిల్ల నోరు ఆగదంటాడు. స్కూల్లో నీళ్ళ పైపు పగిలి రెండు రోజులు సెలవిచ్చారు. లేకపోతే ఈ టైముకి టిక్కు ఐదో తరగతి గదిలో ఉండాల్సింది.

తాతయ్య తన పనిబల్ల సగం ఖాళీ చేసి తెల్లగుడ్డ పరిచాడు. సోమవారం నుంచి ఆ గుడ్డ అలాగే ఉంది. లైబ్రరీలో ఒక పెద్ద గడియారం ఆగిపోయింది. అది టిక్కు కంటే ఎత్తు ఉంటుంది. ఇత్తడి లోలకం, అద్దాల తలుపు. కొత్తగా వచ్చిన లైబ్రరీ మేడమ్ దాన్ని ఈ వారమే పంపిస్తానని ఫోన్ చేసింది.

"దాన్ని ఆ గోడకి బిగించింది మా నాన్నేనే టిక్కూ" అన్నాడు తాతయ్య, భూతద్దం తుడుస్తూ. "ఒక్కసారి దాని లోపల చూడాలని నాకు యాభై ఏళ్ళుగా ఉంది."

"యాభై ఏళ్ళా! మరి ఎందుకు చూడలేదు?"

"బాగా నడుస్తున్న గడియారాన్ని ఎవరు విప్పనిస్తారు?"

అప్పుడే సందు మలుపులో పసుపుపచ్చ గొడుగు కనిపించింది. తాతయ్య గబగబా కాలరు సరిచేసుకున్నాడు.

ఆ గొడుగు ఒక గైడుది. ఎండ లేకపోయినా, వాన లేకపోయినా ఆయన గొడుగు ఎత్తే నడుస్తాడు. వెనక వచ్చేవాళ్ళు తప్పిపోకుండా అది గుర్తు. రోజూ ఓ ఇరవైమందిని పాతపట్నం సందులన్నీ నడిపించి చూపిస్తాడు. సరిగ్గా పదకొండింటికి తాతయ్య షాపు ఎదుటి గోడ దగ్గర ఆగుతాడు. అందరూ తలలెత్తి షాపు గుమ్మం పైనున్న పెద్ద గుండ్రటి గడియారాన్ని చూస్తారు.

నిజానికి అది గడియారం కాదు. చెక్క. దాని మీద అంకెలు, ముళ్ళు, షాపు పేరు అన్నీ రంగుతో వేసినవే. గడియారాల షాపు ఇదేనని దూరం నుంచి తెలియడానికి తాతయ్య వాళ్ళ నాన్న వేసిన బోర్డు అది. అందులో ఎప్పుడు చూసినా ఎనిమిదీ ఇరవయ్యే.

"చూశావా, మా నాన్న బొమ్మకి ఎంత మర్యాదో" అని తాతయ్య వాళ్ళకి చెయ్యి ఊపాడు. రోజూ ఊపుతాడు.

వెనక వంటింట్లోంచి నానమ్మ కేకేసింది. "ఇవాళ కూడా ఎవరైనా గుమ్మం దగ్గర పువ్వు పెట్టారేమో చూడవే! గ్లాసులోవి వాడిపోయాయి. ఎవరోగానీ చాలా మంచివాళ్ళు."

గోడ మీద బాగైన గడియారాలన్నీ పదకొండు కొట్టడం మొదలుపెట్టాయి. ఆ మోతలో తాతయ్యకి బయటి మాటలు ఎప్పుడూ వినబడవు. ఆ గైడు ఏం చెప్తాడో విందామని టిక్కు ఇవాళ మొదటిసారి కిటికీలోంచి తల బయటపెట్టింది.

"సరిగ్గా ఎనిమిదీ ఇరవై!" అంటున్నాడు గొడుగు గైడు, గొంతు బరువుగా పెట్టి. "ఈ షాపాయన భార్య కన్నుమూసిన క్షణం అది. ఆ క్షణమే ఈ గడియారం ఆగిపోయింది. అందరి గడియారాలూ బాగుచేసే ఆ చేతులు, దీన్ని ముట్టుకోబోతే మాత్రం వణికిపోతాయి."

అదే సమయానికి, కన్నుమూసిన నానమ్మ వంటింట్లో గట్టిగా తుమ్మింది.

టిక్కుకి ఒళ్ళు మండిపోయింది. ఎంత ధైర్యం! ఉల్లిపాయలు తరుగుతున్న మనిషిని పట్టుకుని పోయిందంటాడా? అదీ రోజూనా? వినేవాళ్ళకైనా బుద్ధుండక్కర్లేదా? ఒకావిడ ముక్కు చీదుకుంటోంది. టోపీ పెట్టుకున్న ఇంకొకావిడ గుమ్మం దగ్గర తెల్లపువ్వు పెట్టింది. ఆ గుంపులో లైబ్రరీ మేడమ్ కూడా ఉంది. సందులన్నీ పరిచయం చేసుకుందామని వచ్చినట్టుంది.

"అయ్యో, నాకు తెలీనే తెలీదు" అంటోంది మేడమ్ పక్కావిడతో. "మా గడియారం ఈయనకే ఇద్దామనుకున్నాను. పాపం, ఆయన్నెందుకు బాధపెట్టడం? వేరే షాపుకి పంపించేస్తాను."

ఇక టిక్కు ఆగలేదు. ఒక్క ఉరుకులో సందులోకి దూకింది. లోపల గడియారాలు ఇంకా ఒకదాని వెనక ఒకటి కొడుతూనే ఉన్నాయి.

"అంకుల్! అంతా అబద్ధం! మా నానమ్మ బతికే ఉంది! మీకు సిగ్గులేదా, ఇలా కథలు కట్టి చెప్పడానికి?"

గైడు ముఖం ఎర్రబడింది. "చూడు పాపా, నేను సొంతంగా ఒక్క ముక్క కల్పించను. ఎవరు చెప్పారో కూడా రాసుకుంటాను" అని జేబులోంచి నలిగిన నోటుబుక్కు తీశాడు. పేజీలు తిప్పి చదివాడు. "గడియారాల షాపు. మెట్టు మీద కూర్చున్న పాప చెప్పింది. ఆరేళ్ళుంటాయి. ముందుపళ్ళు రెండు లేవు. జుట్టు ఒక పక్క చెవి దాకా, ఇంకో పక్క భుజం దాకా ఉంది. ఏడుస్తూ చెప్పింది."

టిక్కు చెయ్యి తన జుట్టు మీదికి పోయింది.

ఆ జుట్టు! నాలుగేళ్ళ కిందట నానమ్మే కత్తిరించింది. ఒక పక్క ఎక్కువైందని రెండో పక్క, రెండో పక్క ఎక్కువైందని మొదటి పక్క, అలా కత్తిరించీ కత్తిరించీ వంకరటింకర చేసి పెట్టింది. టిక్కు మెట్టు మీద కూర్చుని ఏడుస్తుంటే గొడుగు పట్టుకున్న ఒకాయన వచ్చి, ఆ గడియారం ఎందుకాగిందని అడిగాడు. నానమ్మ మీద కోపంతో టిక్కు నోటికొచ్చింది చెప్పేసింది. ఆయన కళ్ళు పెద్దవి చేసుకుని విన్నాడు. అలా వింటుంటే ఇంకాస్త చెప్పాలనిపించింది. చెప్పింది. సాయంత్రానికి మర్చిపోయింది.

ఇప్పుడు ఇరవైమంది తనవైపే చూస్తున్నారు. నానమ్మని పిలిస్తే సరిపోతుంది. కానీ పిలిస్తే గైడు ఆ నోటుబుక్కు ఆమె ముందు కూడా చదువుతాడు.

"అది... అది నేను కాదు" అంది టిక్కు.

టోపీ ఆవిడ దగ్గరకొచ్చి తల నిమిరింది. "పాపం చిట్టితల్లి. నానమ్మ లేదంటే ఒప్పుకోలేకపోతోంది."

లైబ్రరీ మేడమ్ కళ్ళు తుడుచుకుంది. గైడు నోటుబుక్కు జేబులో పెట్టి షాపు తలుపు వైపు ఒక్కసారి చూశాడు. తట్టి అడిగితే ఏం పోయింది? అడగలేదు. గొడుగెత్తి ముందుకి నడిచాడు.

మధ్యాహ్నం ఫోన్ మోగింది.

"చెప్పండమ్మా" అన్నాడు తాతయ్య ఉత్సాహంగా. తర్వాత గొంతు మెల్లగా దిగిపోయింది. "అలాగేనమ్మా. లేదు లేదు, నాకేం బాధ లేదు. మంచిది."

ఫోన్ పెట్టేసి తెల్లగుడ్డని నాలుగు మడతలు పెట్టాడు. తర్వాత రెండు చేతులూ కిటికీ వెలుగులో చాపి చూసుకున్నాడు.

"లైబ్రరీ గడియారం రాదట" అన్నాడు నానమ్మతో. "మీరు శ్రమపడొద్దు, మీ చేతుల సంగతి విన్నామంది. ఏమే, నా చేతులు వణుకుతున్నాయా?"

"ఎవరా మాటన్నది?" నానమ్మ అగ్గిమీద గుగ్గిలమైంది. "సూదిలో దారం నాకంటే ముందు మీరే ఎక్కిస్తారు! వణుకుతాయట! ఎవరన్నారో నా ముందుకొచ్చి అనమనండి!"

అన్న మనిషి మూలన స్టూలు మీద తలొంచుకుని కూర్చుంది.

ఆ సాయంత్రమంతా టిక్కు కోపంతో ఉడికిపోయింది. మొదట గైడు మీద. పక్కనే తలుపుంటే తట్టలేడా? తర్వాత లైబ్రరీ మేడమ్ మీద. ఎవరేం చెప్పినా నమ్మేయడమేనా? తర్వాత తల నిమిరిన టోపీ ఆవిడ మీద. అలా ఒక్కొక్కరినీ తిట్టుకుంటూ పోతే చివరికి ఒక్క మనిషి మిగిలింది. ఆ మనిషిని తప్పించుకుని ఎక్కడికీ పోవడానికి లేదు.

మర్నాడు పొద్దున్నే టిక్కు లైబ్రరీకి పరిగెత్తింది. గడియారాన్ని అప్పటికే గోడ మీంచి దించి, దుప్పటి చుట్టి గుమ్మం దగ్గర నిలబెట్టారు. వేరే షాపువాళ్ళు మధ్యాహ్నం వచ్చి పట్టుకెళ్తారట.

"మేడమ్, పదకొండింటికి మా షాపు దగ్గరకి రండి."

"ఎందుకమ్మా?"

"రండి మేడమ్. ఒక్కసారి. ప్లీజ్."

పదకొండుకి రెండు నిమిషాల ముందు టిక్కు స్టూలు తెచ్చి గుమ్మం బయట వేసింది. చీపురుకర్ర తెచ్చుకుంది. తాతయ్యని, నానమ్మని చెయ్యి పట్టుకుని గుమ్మంలోకి లాక్కొచ్చి నిలబెట్టింది.

"ఏంటే ఇది? పొయ్యి మీద పాలున్నాయి!" అంది నానమ్మ.

"పొయ్యి ఆపేశాను నానమ్మా."

పసుపు గొడుగు వచ్చింది. వెనకే కొత్త గుంపు. చివర్లో లైబ్రరీ మేడమ్. గైడు నోరు తెరిచేలోపే టిక్కు స్టూలెక్కి, చీపురుకర్రతో పెద్ద గడియారాన్ని గట్టిగా కొట్టింది. టక్. టక్. టక్.

"ఇది చెక్క!" అని అరిచింది. "ఇది ఎప్పుడూ తిరగలేదు! ఆగిపోలేదు!"

సరిగ్గా అప్పుడే లోపల గడియారాలు గంటలు అందుకున్నాయి. టిక్కు వాటికంటే గట్టిగా గొంతు పెంచింది.

"ఆ వంకర జుట్టు పాప నేనే! నిన్న కాదన్నాను, అదీ అబద్ధమే! నా జుట్టు పాడుచేసిందని కోపమొచ్చి, మా నానమ్మ చనిపోయిందని చెప్పాను! మా తాతయ్య చేతులు వణకవు! అది కూడా నేనే కల్పించాను! మా నానమ్మ ఇదిగో!"

గంటలు ఆగాయి. అందరూ నానమ్మ వైపు చూస్తున్నారు. నానమ్మ చేతిలో గరిటె ఉంది.

"అంటే" అంది నానమ్మ మెల్లగా, "నాలుగేళ్ళ నుంచి రోజూ పదకొండింటికి నన్ను చంపుతున్నారా? ఆ పువ్వులు నాకా? వాటినేమో నేను గ్లాసులో పెట్టుకుని మురిసిపోతున్నాను!"

ఎవరో కిసుక్కున నవ్వబోయి ఆపుకున్నారు.

"తప్పు దీనిది. దీని సంగతి ఇంట్లో చూసుకుంటాను" అని నానమ్మ గైడు వైపు తిరిగింది. "మరి మీ సంగతేంటి బాబూ? అరడజను అడుగులు వేసి అడిగితే మా ఆయన చెప్పేవారు కాదా? బతికున్న మనుషులు లోపలుంటే, బయట నుంచుని కథలేంటి?"

గైడు గొడుగు ముడిచాడు. తల వంచుకుని సందు దాటి వచ్చి, మెట్టెక్కి తాతయ్య ఎదుట నిలబడ్డాడు. నోటుబుక్కులో ఆ పేజీని అడ్డంగా కొట్టేశాడు.

"సార్, ఈ గడియారం సంగతేంటో చెప్తారా?"

తాతయ్య గొంతు సవరించుకున్నాడు. "పెద్ద కథేం లేదు బాబూ. ముళ్ళు పైకి వేస్తే షాపు పేరు రాయడానికి చోటుండదని మా నాన్న వాటిని కిందికి దించాడు. అలా ఎనిమిదీ ఇరవై అయింది. అయినా చోటు చాల్లేదు. చూడండి, చివరి అక్షరం ఎలా ఇరుక్కుపోయిందో."

అందరూ తలలెత్తి చూశారు. నిజమే, చివరి అక్షరం చీమంత ఉంది. ఈసారి గట్టిగానే నవ్వారు. తాతయ్య కూడా నవ్వాడు. లైబ్రరీ మేడమ్ మాత్రం నవ్వలేదు. ముందుకొచ్చి, "మా గడియారం ఇంకా గుమ్మం దగ్గరే ఉందండీ. మీరే చూడాలి" అంది.

మధ్యాహ్నానికి తెల్లగుడ్డ మళ్ళీ పరుచుకుంది. దాని మీద లైబ్రరీ గడియారం విప్పి ఉంది. తాతయ్య భూతద్దం పెట్టుకుని దాని లోపలికి వంగి చూస్తున్నాడు. టిక్కు, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి, నోరు తెరవలేదు.

"నాలుగేళ్ళు వాళ్ళకి చెయ్యి ఊపాను టిక్కూ" అన్నాడు చివరికి, భూతద్దం తీయకుండానే. "మా నాన్న బొమ్మని మెచ్చుకుంటున్నారనుకున్నాను."

టిక్కు కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. కాసేపటికి తాతయ్య చిన్న బ్రష్షు ఆమె చేతిలో పెట్టి, స్క్రూలు తుడవమన్నాడు.

ఆదివారం పదకొండింటికి టిక్కు మెట్టు మీద కూర్చుంది. పసుపు గొడుగు వచ్చింది. గైడు తాతయ్యతో మాట్లాడటానికి లోపలికెళ్ళాడు. గుంపులోంచి ఒకాయన మెట్టు వైపు వంగి చూశాడు.

"పాపా, రాతి మెట్టు మీద ఇంత గుంట ఎలా పడింది?"

టిక్కు నోట్లోకి అప్పటికప్పుడే రెండు కథలొచ్చాయి. ఒకదాంట్లో పిడుగు పడింది. రెండోదాంట్లో రాజుగారి గుర్రం కాలు జారింది. రెండూ బ్రహ్మాండంగా ఉన్నాయి. ఆయన కళ్ళు పెద్దవి చేసుకుని వినడానికి సిద్ధంగా ఉన్నాడు.

టిక్కు రెండింటినీ మింగేసింది.

"నాకు తెలీదండీ" అంది, లేచి నిలబడి. "ఒక్క నిమిషం ఉండండి. మా తాతయ్యని అడిగొస్తాను."